రూపచందు చేప
(రైతుల నిమిత్తము చేయబడిన ఉపన్యాస పాఠము)



సేద్యగాండ్ర సభయందు చేపను గూర్చి ప్రసంగించుట కొందరికి వింతగా దోపవచ్చును. చేప బెస్తవాని పాలు, చేను రైతు పాలు అనునది పూర్వపు ఏర్పాటు. ఆ ఏర్పాటు నలువది యేండ్లకు పైగా చెదరుచు వచ్చినది. కొల్లేటి చుట్టుపట్ల వరిమళ్లు గట్లు పోసికొని చెరువులైనవి. తెలంగాణమందును బోరుబావి క్రిందనో, ఊరచెరువు ఆయకట్టు లోపలనో ఎకరము రెండెకరములు త్రవ్వించి చేపపిల్లలను విడుచు రైతులు గలరు. అట్టివారి చెవిలో తరచుగ పడు పేరు రూపచందు. ఇది శాకాహారి యనియు, ఏది వేసిన అది తినుననియు, ఏడెనిమిది నెలలలో కిలో తూగుననియు పిల్లలనమ్మువారు చెప్పుదురు. ఈ మాటలలో నిజము లేకపోలేదు. అయితే సగము నిజము నమ్మి భూమిని త్రవ్వించిన రైతునకు ఆ త్రవ్వకపు ఖర్చు పూర్తిగానే తగులును. కనుక ఈ చేప ఎచ్చటిది, దాని స్వభావమేమి, అది మన నీటిలోనికి వచ్చుటచే కలుగు లాభనష్టములేమి అను సంగతులు ముందుగా తెలియవలయును.

రూపచందు అను పేరు దానికి పుట్టుకతో వచ్చినది కాదు. వంగదేశమున సముద్రపు చందువను రూపచాందా యందురు. ఆకారమున కొంత పోలిక యుండుటచే ఆ పేరే దీనికి అంటగట్టబడినది. దీని స్వస్థలము దక్షిణ అమెరికా ఖండమందలి అమెజాను, ఒరినోకో నదుల పరీవాహక ప్రదేశము. బ్రెజిలు దేశస్థులు దీనిని పిరపితింగ యనియు, వెనిజులా వారు మొరొకోతో యనియు పిలుతురు. ఫ్రాన్సు దేశపు జంతుశాస్త్రజ్ఞుడు క్యూవియే 1818వ సంవత్సరమున దీనిని శాస్త్రరీత్యా వర్ణించెను; శాస్త్రజ్ఞులు నేడు దీనిని పియారాక్టస్ బ్రాకీపోమస్ అని వ్యవహరింతురు. మాంసము పీకి తినునని పేరుపడిన పిరాన్హా చేపయు ఇదియు ఒక్క కుటుంబమునకు చెందినవి. పసితనమున రూపచందునకు పొట్ట ఎర్రగా నుండి, ఎర్రపొట్ట పిరాన్హాను చూచినట్లే యుండును. పెరిగినకొలది ఆ ఎరుపు మాసి, వెండి బూడిదరంగు వచ్చును. స్వస్థలమున బాగుగా ముదిరినది సుమారు రెండు మూరల పొడవును, ఇరువది కిలోలకు పైబడిన తూకమును గలిగియుండును.

దీని స్వభావము తెలియుటకు ఆ నది స్వభావము తెలియవలయును. అమెజాను నది మన గోదావరివలె నాలుగు దినములు పొంగి తీసిపోవునది కాదు. నెలల తరబడి మెల్లగా ఎక్కి, నెలల తరబడి మెల్లగా దిగును. ఆ నదికి ఉపనదియైన నీగ్రో తీరమున మనౌస్ అను పట్టణము గలదు. అచ్చటి రేవునందు 1902 మొదలు నీటిమట్టము కొలుచుచున్నారు. సాధారణముగ ఏటిలో హెచ్చుతగ్గులకు మధ్య భేదము పది మీటర్లు, అనగా మూడంతస్తుల మేడ యెత్తు. 2021 జూన్‌లో ఆ కొలత 30 మీటర్లు దాటినది. 2023 అక్టోబరులో 13 మీటర్లకు దిగువకు పోయినది. నీరు ఎక్కినపుడు తీరమందలి అడవి మైళ్ల కొలది మునిగిపోవును. చెట్లు మాత్రము చావవు. ఆ నెలలలోనే పెక్కు చెట్లు కాచి, పండి, నీటిలోనికి రాల్చును. చేపలు ఏరు విడిచి అడవి చొచ్చి, చెట్ల మొదళ్ల నడుమ ఈదుచు పండ్లు ఏరుకొని తినును. మనకు కోతులు చెట్టెక్కి తినుట తెలియును. అచ్చట చేపలు చెట్టు క్రిందికి ఈదివచ్చి తినును.

రూపచందు అట్టి చేప. దాని నోరు తెరచి చూచినవారు ముందు జడియుదురు, ఏలయన అందలి పండ్లు మనిషి దంతములను పోలి వెడల్పుగా, దృఢముగా నుండును. ఇవి కండను కోయుటకు గాక, గట్టి గింజలను నలుగగొట్టుటకు ఏర్పడినవి. రబ్బరు చెట్టు కాయ ఎండలో పెట్లి గింజలు దూరముగా చిమ్మును. ఆ గింజ నీట పడిన చప్పుడు విని చేప వచ్చును. ఈత జాతి చెట్ల కాయలను సైతము పగులగొట్టి తినును. అచ్చటి జాలరులు ఈ సంగతి కనిపెట్టి, గడకొనకు దారముతో గుండు గట్టి, దానితో నీటిని టపటప కొట్టుచు, పండు రాలినట్లు భ్రమపెట్టి, గాలమున పండ్లనే ఎరగా గ్రుచ్చి పట్టుదురు. వాగుగట్టున మేడిచెట్టు క్రింద గాలము వేయువారికి ఈ యుపాయము బొత్తిగా క్రొత్తగాదు. మైకేల్ గౌల్డింగ్ అను శాస్త్రజ్ఞుడు ఆ చేపలకును ఆ అడవికిని గల సంబంధమును గూర్చి 1980లో ఒక గ్రంథమే ప్రకటించెను.

ఈ చేపలు తిన్న గింజలన్నియు నలిగిపోవు. కొన్ని చెక్కుచెదరక కడుపులో సాగి, దూరప్రదేశమున బయటపడి మొలకెత్తును. రూపచందునకు పెద్దయన్న వంటి తంబాకి యను జాతిపై పెరూ దేశమందలి పకాయా సమీరియా అరణ్యమున జరిగిన పరిశోధన 2011లో ప్రకటింపబడినది. అందు ఆ చేప ఒక గింజను 5 కిలోమీటర్లకు మించిన దూరము సైతము మోసికొని పోగలదని తేలినది. ముదురు చేపలు ఎక్కువ గింజలను ఎక్కువ దూరము మోయును. వలలతో పెద్దచేపలనెల్ల ఊడ్చివేసినచోట అడవికి విత్తువాడు లేకుండ పోవును. ఈ చేపను ఒక్క తిండిపోతుగా నెంచుట అన్యాయమని చెప్పుటకే ఇంత వ్రాయవలసివచ్చినది. తన యింట అది సేద్యగాడే.

నీరు దిగిన మాసములలో చేపకు పండ్లుండవు. వరదకాలమున తిని ఒంట బట్టించుకొన్న క్రొవ్వు పైననే చాలవరకు కాలక్షేపము చేయును. దొరికినచో ఆకులు, పురుగులు, నత్తలు, చచ్చిన చేపలు కూడ తినును. పసిపిల్లలు నీటియందలి సూక్ష్మజీవులను తిని పెరుగును. కావున శాకాహారి యను మాట దీని ముఖ్యాహారమును బట్టి చెప్పినదే కాని, ఏకాదశి వ్రతమువంటి నియమము కాదు.

గ్రుడ్లు పెట్టు సమయమున ఇది నదిలోనికి వచ్చి, ఏరు పొంగు కాలమున ప్రవాహముననే గ్రుడ్లు వదలును. నిలువ నీటిలో తనంతట గ్రుడ్లు పెట్టదు. పెంపకపువారు పిట్యూటరీ గ్రంథి రసమునో తత్తుల్యమగు మందునో సూదితో నెక్కించి గ్రుడ్లు దింపి పొదిగింతురు. మన బొచ్చె, శీలావతి చేపల విషయమునను జరుగుచున్నది ఇదియే. రైతునకు దీనివలన రెండు ఫలితములు గలవు. ఒకటి, ప్రతి పంటకును పిల్లలను కొనక తప్పదు. చెరువులో మిగిలిన చేప పిల్లలు పెట్టునను ఆశ వలదు. రెండవది నదికి సంబంధించినది. అది తరువాత చెప్పబడును.

ఈ చేప మన దేశమునకు సర్కారు వారి అనుమతి పొంది వచ్చినది కాదు. 2003, 2004 సంవత్సరముల ప్రాంతమున బంగ్లాదేశమునుండి పశ్చిమ వంగమునకు దొంగదారిని వచ్చి, అచ్చటినుండి ఆంధ్రదేశపు చెరువులకు దిగినది. కృష్ణా, పశ్చిమ గోదావరి మండలముల రైతులు దీని ఎదుగుదల చూచి త్వరలోనే చేరదీసిరి. సన్నముళ్లు శీలావతికంటె తక్కువగుటచే తినువారికి ఇంపైనది. బజారులో కొందరు వర్తకులు దీనిని సముద్రపు చందువ యని చెప్పి హెచ్చు ధర లాగుదురు. కొనువారు నోరు తెరచి పండ్లు చూచినచో మోసము బయటపడును. చందువకు అట్టి దంతములు లేవు.

ఇక మేత సంగతి. శాకాహారి యని విన్న రైతు, చెరువులోని నాచును గడ్డిని మేసి ఇది ఊరకే పెరుగునని తలచును. ఈ తలపుచే నష్టపడుట సులభము. గడ్డిని మేసి చెరువును శుభ్రముచేయు పని గడ్డిచేపది. రూపచందు లేత మొక్కలను కొరికి తిన్నను, దాని ఒడలు పెరుగుట గింజ తిండివలన. తవుడు, వేరుసెనగ చెక్క, పత్తిగింజ చెక్క, లేదా నీటిపై తేలు గుళికల మేత వేసిననే అది త్వరగా తూకము పట్టును. ధాన్యపు మేతను ఇది బాగుగా జీర్ణించుకొనుననుట వాస్తవము. అందుచే మాంసాహారి చేపలకు వలె చేపపొడి హెచ్చుగా గలిపిన ఖరీదైన మేత దీనికి అక్కరలేదు. దీనియందలి లాభమంతయు ఇచ్చటనే యున్నది.

అయినను లెక్క వేసికొనక దిగరాదు. కిలో చేప పెరుగుటకు గుళికల మేత సుమారు ఒకటిన్నర మొదలు రెండు కిలోల వరకు పట్టును. మూడు టన్నుల చేప తీయదలచిన రైతు నాలుగున్నర మొదలు ఆరు టన్నుల మేత కొనవలయును. ఆ మేత ధరను, నాటి చేప ధరను ఒక కాగితముపై ప్రక్కప్రక్కన వ్రాసి చూచుకొనవలయును. మేత అరువుకు ఇచ్చి, చేపను తానే కొనెదనను వర్తకుని చేతిలో రెండు ధరలును ఉండును. రైతు చేతిలో ఒక్కటియు నుండదు. ఈ చేపలో చాలభాగము మంచుపెట్టెలలో లారీలపై వంగము, అస్సాము మొదలగు దూరప్రాంతములకు పోవును. అచ్చట సరకు నిలిచినచో ఇచ్చట ధర పడును. కిలో తూగిన చేప మేత తినుట మాత్రము మానదు.

నీటియందలి ప్రాణవాయువును గూర్చి కొంత విస్తరించి చెప్పవలసియున్నది, ఏలయన ఒక్క రాత్రిలో పంట పోవు త్రోవ ఇదియే. చెరువునీటి పచ్చదనము పగలు ఎండ తగిలి ప్రాణవాయువును విడుచును. రాత్రి తానే దానిని పీల్చుకొనును. అందుచే తెల్లవారుజామున నీటిలో ఆ వాయువు మిక్కిలి తక్కువ. ముసురుపట్టిన దినములలో పగటి సంపాదన లేక, రాత్రి ఖర్చు మాత్రము సాగును. మేత ఎక్కువై అడుగున కుళ్లినచోట ఆపద మరింత దగ్గర.

రూపచందు ఇట్టి కరవును ఓర్చుటకు ఒక చిత్రమైన ఏర్పాటు గలది. నీటిలో ప్రాణవాయువు తగ్గిన కొన్ని గంటలలో దాని క్రింది పెదవి ఉబ్బి, దోనెవలె ముందుకు సాగును. ఆ పెదవితో నీటి పైపొరను, అనగా గాలి తగులుచు కొంత వాయువు గల పలుచని నీటిని, మొప్పలలోనికి త్రిప్పుకొని బ్రతుకును. నీరు బాగుపడినంతనే పెదవి మరల యథాస్థితికి వచ్చును. తెలియని రైతులు దీనిని రోగమని భ్రమించి మందులు కొందురు. అది రోగము గాదు, చెరువు రైతునకు వ్రాసిన అర్జీ.

తవుడు గిట్టుబాటైనదని ఒక రైతు రెండెకరముల చెరువున రూపచందును, దానితోపాటు కొన్ని బొచ్చెలను విడిచెననుకొందము. శ్రావణమున మూడు దినములు ముసురు పట్టినది. నాలుగవనాటి వేకువను పోయి చూడగా రూపచందు గట్టువెంబడి పైన తిరుగుచున్నది, పెదవులు ఉబ్బియున్నవి. చేపలు హుషారుగా పైకి వచ్చినవని సంతసించి మేత చల్లించెను. ఆ మేత మరికొంత వాయువును హరించినది. మరునాటికి బొచ్చెలు వెల్లకిల తేలినవి, రూపచందు బ్రతికియున్నది. నీటిలో లోపమున్నచో అన్నియు చచ్చియుండునుగదా, బొచ్చెకే ఏదో తెగులని అతడు మరల మేత వేయించును. మూడవనాడు రూపచందు కూడ పోవును. పెదవి ఉబ్బిన మొదటి ఉదయముననే మేత నిలిపి, గాలి చక్రములు త్రిప్పించి, లేదా బోరునీటిని ఎత్తునుండి చిమ్ముచు పడునట్లు వదలియుండినచో అతని పంట నిలిచియుండెడిది. కావున ఈ చేప ఓర్పును చూచి ధైర్యపడుటకంటె, దాని పెదవిని చూచి జాగ్రత్తపడుట మేలు. వేకువజామున నాలుగు గంటలకు లాంతరుతో గట్టుచుట్టు తిరుగువాడు చెరువున్న ప్రతి కమతమునను ఉండవలయును.

చలి విషయమున ఇది సుకుమారి. వేడి దేశపు నదిలో పుట్టినదగుటచే నీటి వేడి సుమారు 15 డిగ్రీలకు దిగినచో మేత మాని, బూజు మొదలగు తెగుళ్లకు లోనై చచ్చును. కోస్తా చెరువులలో ఈ భయము తక్కువ. ఆదిలాబాదు ప్రాంతమున గాలి 5 డిగ్రీలకు దిగిన రాత్రులు గలవు; అచ్చట లోతులేని చిన్నకుంటలు త్వరగా చల్లబడును. అట్టి తావుల రైతులు వేసవి ముందట పిల్లలను విడిచి, కార్తిక మార్గశిరములకు లోపలనే అమ్ముకొనునట్లు ఏర్పాటు చేసికొనుట మంచిది. పుష్యమాసము వరకు ధర కొరకు ఆగువారు రెంటికిని చెడుదురు.

ఇంతవరకు చెప్పినది గట్టు లోపలి సంగతి. గట్టు వెలుపలి సంగతి దీనికంటె పెద్దది. ఇందులో నష్టపడువాడు చెరువు త్రవ్వించిన రైతు కాదు గనుక దీనిని ఎవరును తలపెట్టరు.

తెలంగాణమందలి చెరువులు గొలుసుకట్టు చెరువులు. కాకతీయుల కాలమునుండి ఒకదాని అలుగు నీరు మరియొకదానికి, దాని అలుగు నీరు ఆ క్రిందిదానికి పారునట్లు ఏర్పడినవి. చివరి చెరువు అలుగు వాగులో పడును. ఆ వాగు మూసీలోనో మానేరులోనో కలిసి, తుదకు కృష్ణనో గోదావరినో చేరును. ఆయకట్టులో త్రవ్విన చేపలచెరువు గట్టు ఒక రాత్రి వానకు తెగినచో, అందలి రూపచందు వాగుపాలు, నదిపాలు అగుటకు అడ్డమేదియు లేదు. ఊరచెరువులలో చేపపట్టు హక్కు మత్స్యకార సహకార సంఘములది. 2016 మొదలు సర్కారు వారు ఉచితముగ పిల్లలను విడిచినదియు ఆ చెరువులలోనే. అచ్చటి బొచ్చె, శీలావతుల తిండికి రూపచందు పోటీ వచ్చును. నీటిమొక్కల నడుమ గ్రుడ్లు పెట్టు చిన్నచేపలకు ఆ మొక్కలే చాటు. వాటిని ఇది మేయును. గాలపు దారమును కొరికి పోగల నోరు గలది. రైతు చెరువునుండి పోయిన చేప రైతుకు నష్టమే. అది బెస్తవాని చెరువున పడుట వానికి లాభమని రైతు సమాధానపడుట సరిగాదు.

ఇది ఊహామాత్రము గాదు. 2018 ఆగస్టులో కేరళమున సంభవించిన వరదలలో పెంపకపు చెరువులు తెగి, విదేశపు చేపలు పెక్కు అచ్చటి నదులలోనికి పోయినవి. వాటిలో ఈ రూపచందును గలదు. పాపువా న్యూగినీ దేశమందలి సెపిక్ నదిలో చేపలు కొరతగా నున్నవని, ప్రజల తిండి నిమిత్తము 1990 దశకమున దీనిని బుద్ధిపూర్వకముగనే విడిచిరి. తినుటకు చేప దొరికినదని కొందరును, నీటిమొక్కలు తరిగినవని, పాతచేపలు తగ్గినవని కొందరును నేటికిని వాదించుకొనుచున్నారు. ఎవరి వాదము గెలిచినను చేపను వెనుకకు పిలుచుట మాత్రము ఎవరి వశమునను లేదు.

నిలువ నీట గ్రుడ్లు పెట్టదని ముందు చెప్పబడినది. ఆ మాటను విని కొందరు, తప్పించుకొన్నను వంశము పెరుగదుగదా యని నిశ్చింతగా నుందురు. కాని అది గ్రుడ్లు పెట్టుటకు కోరునది పొంగిన ఏరు. గోదావరి ఏటేట పొంగునదే. చెరువున లేని వసతి నదిలో ఉండవచ్చును. ఒక చేప తప్పించుకొన్న ఏట ఏమియు తోపదు. వేలకొలది చేపలు ఏండ్ల తరబడి తప్పించుకొనుచు పోయినచోట ఏమి జరుగునో వేచి చూచుట వివేకము గాదు.

అందుచే రూపచందును పెంపదలచిన రైతు తన చెరువు గట్టును, తన ప్రాంతమున ఎన్నడును వచ్చిన పెద్దవాన మట్టమునకు పైన రెండడుగుల యెత్తున పోయించవలయును. వాగు ఒడ్డున, ఊరచెరువు శిఖము భూమియందు, అలుగు పారు దారిలో దీనిని పెంచనేరాదు; అట్టి తావులలో బొచ్చె, శీలావతులే తగినవి. నీరు వచ్చు తూమునకును పోవు తూమునకును రెండు వరుసల జాలి బిగింపవలయును. పిల్లలను విడుచునాడు సన్నకంటి జాలి, చేప పెరిగిన పిదప పెద్దకంటి జాలి ఉండవలయును. సన్నకన్ను చెత్తతో పూడి నీరు గట్టు పొర్లిన సందర్భములు పెక్కు. జాలిని వానకాలమున దినమునకు రెండుసార్లు చూడవలయును. చేప పట్టిన తరువాత చెరువును పూర్తిగా ఎండగట్టి, అడుగున మిగిలినవాటిని ఏరివేయవలయునే కాని, మురుగుకాలువలోనికి నీరు వదలరాదు. ధర లేదని మిగిలిన పిల్లలను ఊరచెరువులో కుమ్మరించుట పుణ్యమని తలచు రైతులు కొందరు గలరు. ఆ పని ఎంత మాత్రము కూడదు.

ఇంతచేసినను ఎచ్చటనో ఒకటి తప్పించుకొనును. అలుగు దిగువను, వాగులో, నదిలో వల వేయువారికి రూపచందు దొరికినచో దానిని మరల నీటిలో విడువక వండుకొనవచ్చును. రుచికి లోపము లేదు. పట్టిన తావును, తేదీని, తూకమును వ్రాసికొని, ఆడుచేపయైనచో కడుపున గ్రుడ్లు ఉన్నవో లేవో చూచి, మండల మత్స్యశాఖ కచేరీకి తెలియజేయవలయును.